కంకరలో గవ్వలు వచ్చాయి, ఇవి ఏ కాలానివి?

కంకర_గుట్ట
అంబాజీపేట దగ్గర ఇల్లు కట్టుకుంటున్నాం. స్లాబు కోసం తెప్పించిన కంకరలో నల్లరాళ్ల మధ్య అక్కడక్కడా బూడిదరంగు రాళ్లు తగిలాయి. ఒకదాన్ని మేస్త్రి సుత్తితో కొడితే లోపల మర తిరిగిన గవ్వ, పక్కనే ఆలుచిప్ప ముక్క. రాయిలో రాయిగా కలిసిపోయి ఉన్నాయి, గోటితో గీకినా ఊడి రావు. మేస్త్రి "మెత్తరాయి, ఏరి పారేయండి, స్లాబు పగులుతుంది" అన్నాడు. మా బాబాయి "మన నూతిలో కూడా గవ్వలు పడ్డాయి, ఇదంతా ఒకప్పుడు సముద్రమే, వింత ఏముంది" అని తేల్చేశారు. మా అబ్బాయి మాత్రం డైనోసార్ల కాలానివని వీధంతా చెప్పి వచ్చాడు. వీళ్లలో ఎవరి మాట నమ్మాలి? డబ్బు పోసి కొన్న కంకరలో గవ్వలు వచ్చినందుకు ఫిర్యాదు చేయాలో, సంతోషించాలో కూడా తెలియడం లేదు.

పులస_ప్రియ
గవ్వలు వచ్చాయి సరే, చేప రాలేదా? ఈసారి లోడుకు ఒక పులస కలిపి పంపమనండి.

దేవరపల్లి_టిప్పర్
మీకు కంకర వచ్చింది మా వైపు నుంచే అయి ఉంటుంది. గౌరీపట్నం, దుద్దుకూరు, పంగిడి. ఇక్కడ నల్లరాయి కింద ఈ బూడిదరాయి ఉంటుంది, కొన్ని క్వారీల్లో రెండు నల్లరాతి పొరల మధ్య కూడా ఉంటుంది. క్రషర్‌లో పడకుండా ఏరేయాలి. ఏరడానికి మనిషి ఉన్న రోజు ఏరతారు, లేని రోజు అది మీ ఇంటికి వస్తుంది. మేస్త్రి మాట వినండి, స్లాబులో వేయకండి.

రాళ్ల_పిచ్చి
స్లాబులో వేయకండి, కానీ పారేయకండి కూడా! జియాలజీ చదువుతున్నాను కాబట్టి కొంచెం పొడుగ్గానే రాస్తాను, ఓపిక పట్టండి.

ఆ నల్లరాయి బసాల్ట్, అంటే గడ్డకట్టిన లావా. దక్కన్ ట్రాప్స్ అని చదువుకున్నాం కదా, మహారాష్ట్ర అంతా పరుచుకున్న లావా పొరలు, వాటి కొసే ఇది. రాజమండ్రి దగ్గర గోదావరికి ఇటు కాతేరులో, అటు పంగిడి, దుద్దుకూరు వైపు పైకి తేలి కనిపిస్తుంది. అటూ ఇటూ పోతే నేల కింద దాక్కుని ఉంటుంది. ఒక లావా ప్రవాహం వచ్చి గట్టిపడ్డాక, తర్వాతి ప్రవాహం వచ్చేలోపు అక్కడ తీరం ఏర్పడింది. నది నీరు, సముద్రపు నీరు కలిసే చోటు. ఆ బురదలో గవ్వలు, నత్తలు, ఆలుచిప్పలు బతికి చచ్చిపోయాయి. దాని మీద మళ్లీ లావా వచ్చి మూత వేసింది. మీ రాయి ఆ మధ్య పొరలోది అయితే దాని వయసు సుమారు 6.6 కోట్ల సంవత్సరాలు. కింద పొరలోది అయితే ఇంకాస్త పాతది.

డైనోసార్లు పోయిన గీత సరిగ్గా ఆ దగ్గర్లోనే పడుతుంది. మీ అబ్బాయికి ఐస్‌క్రీం కొనిపెట్టండి.

కంకర_గుట్ట
ఐస్‌క్రీం సంగతి చూస్తాను గానీ, మరి మా నూతిలో గవ్వల మాటేమిటి? అవీ గవ్వలే కదా.

మలికిపురం_మాష్టారు
రెండింటికీ పోలికే లేదండీ. మన కోనసీమ నేల చాలా చిన్నది, వయసులో. దాదాపు ఇరవై వేల ఏళ్ల క్రితం, మంచుయుగం ముదిరి ఉన్నప్పుడు సముద్రమట్టం ఇప్పటికంటే 120 మీటర్ల దాకా కిందికి ఉండేది. మంచు కరిగి నీరు పైకి వచ్చి, ఏడు వేల ఏళ్ల క్రితానికి కాస్త కుదురుకుంది. అప్పటి నుంచి గోదావరి తెచ్చిన ఒండ్రు సముద్రాన్ని వెనక్కి నెడుతూ మనకు ఈ భూమిని ఇచ్చింది. అమలాపురం నుంచి సముద్రం వైపు వెళ్తుంటే వరసగా ఇసుక మెరకలు తగులుతాయి చూడండి, కొబ్బరి తోటలు, ఊళ్లు వాటి మీద ఉంటాయి, పల్లంలో వరి. అవన్నీ పాత సముద్రపు ఒడ్డులే. మీ నూతిలో గవ్వలు ఆ ఒడ్డులవి, కొన్ని వేల ఏళ్లవి. మా తాతల కాలంలో అలాంటి గుల్ల తవ్వుకుని కాల్చి సున్నం చేసేవారు.

మీ బాబాయి చెప్పింది నూతి వరకు నిజం. మీ అబ్బాయి చెప్పింది కంకర వరకు దాదాపు నిజం.

పూతరేకు
మాష్టారు ఇంట్లో గొడవ రాకుండా తీర్పు చెప్పారు.

సందేహాల_సుబ్బారావు
ఒక గవ్వ వేల ఏళ్లది, ఒక గవ్వ కోట్ల ఏళ్లది. ఎవరు లెక్కపెట్టారు? చూడటానికి రెండూ ఒకటే. నాకు ఈ కోట్ల లెక్కలు ఎప్పుడూ నమ్మకం కుదరవు.

రాళ్ల_పిచ్చి
సుబ్బారావు గారూ, రెండింటినీ ఒకే పద్ధతిలో కొలవరు. నూతి గవ్వకు కార్బన్ పద్ధతి పనిచేస్తుంది, అది దాదాపు యాభై వేల ఏళ్ల దాకే. కోట్ల ఏళ్ల గవ్వలో కొలవడానికి ఆ కార్బన్ మిగలదు. అందుకే గవ్వను వదిలి, దాని కిందా పైనా ఉన్న లావాను కొలుస్తారు. లావాలో పొటాషియం ఉంటుంది. అందులో ఒక రకం చాలా నెమ్మదిగా క్షీణిస్తూ, కొంత ఆర్గాన్ వాయువుగా మారుతూ ఉంటుంది, సగం క్షీణించడానికి 125 కోట్ల ఏళ్లు. లావా కరిగి ఉన్నప్పుడు వాయువు తప్పించుకుపోతుంది, గట్టిపడ్డాక లోపలే చిక్కుకుంటుంది. చిక్కిన ఆర్గాన్ ఎంతో, మిగిలిన పొటాషియం ఎంతో చూస్తే గట్టిపడిన కాలం తెలుస్తుంది. రెండు లావాల మధ్య చిక్కుకున్న గవ్వ ఆ రెండు వయసుల మధ్యది కాక తప్పదు.

ఇంకో సాక్ష్యం కూడా ఉంది. లావా చల్లబడేటప్పుడు అప్పటి భూమి అయస్కాంత దిశ అందులో ముద్రపడిపోతుంది. రాజమండ్రి కింది లావాలో ఉత్తరం దక్షిణం తలకిందులుగా ఉన్నాయి, పై లావాలో ఇప్పటిలాగే ఉన్నాయి. ప్రపంచమంతా ఆ తిరగబడ్డ కాలాల పట్టిక ఉంది. దానితో కూడా సరిపోయింది.

సందేహాల_సుబ్బారావు
సరే, ఆ లావా సంగతి. నాసిక్ పక్కన పొంగిన లావా రాజమండ్రి దాకా గడ్డకట్టకుండా ఎలా వచ్చింది? మధ్యలో వెయ్యి కిలోమీటర్లు. రైలుకే ఇరవై గంటలు పడుతుంది.

రిగ్గు_రాజు
ఇది మంచి ప్రశ్న. చాలాకాలం జియాలజిస్టులు కూడా ఇదే అడిగారు. రాజమండ్రి దగ్గరే వేరే అగ్నిపర్వతం ఉండేదేమో అనే వాదన ఉండేది. తర్వాత రసాయన పరీక్షలు చేశారు. రాజమండ్రి లావా కూర్పు పడమటి కనుమల్లోని అంబెనళి, మహాబలేశ్వరం పొరలతో కలిసింది, వయసూ అయస్కాంత దిశా కలిశాయి. 2008లో వచ్చిన ఒక పరిశోధన పత్రం శీర్షికలోనే అడిగింది, భూమి మీద ఇంతకన్నా పొడవైన లావా ప్రవాహాలు ఉన్నాయా అని.

ఎలా వచ్చిందంటే, పైన పెంకు కడుతుంది. ఆ పెంకు వేడిని బయటికి పోనివ్వదు. కింద లావా వేడిగానే ముందుకు పోతూ ఉంటుంది, పెంకును పైకి లేపుతూ మందం పెరుగుతుంది. అప్పటికే ఉన్న నదీలోయల పల్లం పట్టుకుని తూర్పుకు వచ్చిందని అనుకుంటున్నారు. గోదావరి కూడా పుట్టేది ఆ లావా కొండల్లోనే, త్ర్యంబకంలో. నీళ్లు వచ్చే దిక్కునే నిప్పు కూడా వచ్చిందన్నమాట.

నేను చాలా ఏళ్లు రిగ్గుల మీద పనిచేశాను. రాజోలు, నరసాపురం, పాలకొల్లు వైపు లోతుగా డ్రిల్లింగ్ చేస్తే ఈ లావా నేల కింద తగులుతుంది. అది తగలగానే మాకు ఒళ్లు మండేది, బిట్టు ముందుకు కదలదు. పైనుంచి ఫోన్ల మీద ఫోన్లు, ఎన్ని మీటర్లు దిగారు అని. అదే రాయి గురించి ప్రపంచమంతా పత్రాలు రాస్తుందని అప్పుడు ఎవరికి తెలుసు.

కడియం_మొక్క
రాజు గారూ, డ్రిల్లింగ్‌లో డైనోసార్ ఎముక ఎప్పుడైనా వచ్చిందా?

రిగ్గు_రాజు
జానెడు వెడల్పు గోతిలో డైనోసార్ ఎక్కడ వస్తుంది బాబూ. మాకు వచ్చేది పొడి, అప్పుడప్పుడు కోర్ అనే రాతి కడ్డీ. కానీ ఆ పొడిలో అసలు సరుకు ఉంటుంది. ఫొరామినిఫెరా అనే ఏకకణ జీవులు సముద్రంలో ఉంటాయి, ఇసుక రేణువంత గుల్ల కట్టుకుంటాయి. ఒక్కో కాలానికి ఒక్కో రకం. శిలాజాల ల్యాబులో వాళ్లు సూక్ష్మదర్శిని కింద పెట్టి, మీరు ఫలానా కాలంలోకి దిగారు అని చెప్పేవారు. చమురు వెతకడానికి అవే గడియారం.

ఆ జీవుల్లో నీటి పైపొరలో తేలే రకాలు డైనోసార్లతో పాటే దాదాపు తుడిచిపెట్టుకుపోయాయి. ప్రిన్స్‌టన్‌లో పనిచేసిన గెర్టా కెల్లర్ అనే ఆవిడ మన వాళ్లతో కలిసి రాజమండ్రి క్వారీలు, తర్వాత ఓఎన్‌జీసీ బావుల కోర్లు చూశారు. 2008లో ఒకటి, 2011లో ఒకటి పత్రాలు వచ్చాయి. రాజమండ్రిలో కింది లావా మీద ఉన్న పొరలో వినాశనం తర్వాత మొట్టమొదట పుట్టిన చిన్న రకాలు దొరికాయి. అంటే కింది లావా ఆగేసరికి వినాశనం జరిగిపోయింది. బావుల్లో లావా పొరల మధ్య చూస్తూ పైకి వస్తే, రకాల సంఖ్య ప్రతి ప్రవాహం తర్వాతా పడిపోతూ వచ్చింది. కాబట్టి చంపింది లావాయే అంటారు ఆవిడ. నేనూ అదే అంటాను. ఆకాశం నుంచి రాయి పడిందనే కథ సినిమాకు బాగుంటుంది.

మలికిపురం_మాష్టారు
రాజు గారూ, సొంత ఊరి లావా మీద అభిమానం ఉండవచ్చు గానీ ఆ రాయిని అంత తేలిగ్గా తీసేయకండి. 1980లో లూయీ అల్వారెజ్, ఆయన కొడుకు వాల్టర్ ఇటలీలో గుబ్బియో దగ్గర సరిగ్గా ఆ గీత మీద ఉన్న బంకమట్టిలో ఇరిడియం విపరీతంగా ఉందని చూపించారు. భూమి పైపొరలో అరుదైన లోహం అది, ఉల్కల్లో ఎక్కువ. తర్వాత ప్రపంచంలో ఎన్నో చోట్ల అదే గీతలో అదే లోహం. మెక్సికోలో చిక్షులూబ్ దగ్గర దాదాపు 180 కిలోమీటర్ల గుంత కూడా దొరికింది. 2010లో 41 మంది శాస్త్రవేత్తలు కలిసి సమీక్ష రాసి, కారణం ఆ గ్రహశకలమే అని తేల్చారు. కెల్లర్ వాదన గట్టిదే కానీ ఈ రంగంలో ఎక్కువమంది అటు వైపు లేరు. ఆ మాట కూడా చెప్పాలి కదా.

రిగ్గు_రాజు
ఆ గుంత కనిపెట్టింది కూడా చమురు వెతికేవాళ్లే మాష్టారూ. మెక్సికో చమురు సంస్థ కొలతల్లో బయటపడింది. ఎవరు గెలిచినా మా డ్రిల్లింగ్ వాళ్లకే పేరు.

ఎక్కువమంది అన్నారు కాబట్టి నిజం అనుకుంటే, ఒకప్పుడు ఖండాలు కదలవని కూడా ఎక్కువమందే అన్నారు.

మలికిపురం_మాష్టారు
ఆ ఒక్క ఉదాహరణతో ఎవరైనా ఏదైనా నిలబెట్టవచ్చు. నేను అడిగేది ఒకటే. లావా లక్షల ఏళ్లు పొంగింది. వినాశనం రాళ్లలో అంత పదునైన గీతగా ఎందుకు కనిపిస్తుంది? నెమ్మదిగా చంపిన విషం అయితే గీత చెదిరినట్లు ఉండాలి.

రాళ్ల_పిచ్చి
ఇద్దరూ ఆగండి, మా క్లాసులో జరిగే గొడవే ఇక్కడా జరుగుతోంది. 2019లో ఒకే పత్రికలో రెండు బృందాలు దక్కన్ లావా వయసులు ప్రచురించాయి, చాలా కచ్చితంగా. ఒక బృందం పెద్ద విస్ఫోటనం గ్రహశకలానికి ముందే మొదలైందని, రెండో బృందం ఎక్కువ లావా తర్వాతే వచ్చిందని తేల్చాయి. లావా, గ్రహశకలం రెండూ ఆ కాలంలో ఉన్నాయన్నది ఎవరూ కాదనరు. లావా వాయువులతో వాతావరణం అప్పటికే అతలాకుతలమై ఉంటే, దెబ్బ ఇంకా గట్టిగా తగిలి ఉండవచ్చు అనేవాళ్లూ ఉన్నారు. నా ఓటు గ్రహశకలానికే, కానీ లావాకు నిర్దోషి అని పత్రం ఇవ్వను.

ర్యాలి_భక్తుడు
మీరంతా లావా, ఉల్క అంటున్నారు. మన పెద్దలు ప్రళయం అన్నారు. మత్స్యం, కూర్మం, వరాహం, నరసింహం, వామనం అని నీటి జీవి నుంచి మనిషి దాకా వరస కూడా చెప్పారు. మనం కొత్తగా కనిపెట్టింది ఏముంది?

మలికిపురం_మాష్టారు
ఆ వరసకు జె.బి.ఎస్. హాల్డేన్ కూడా ముచ్చటపడ్డారండీ. బ్రిటన్ వదిలి మన దేశానికి వచ్చి స్థిరపడి, 1964లో భువనేశ్వర్‌లో కన్నుమూసిన పెద్ద జీవశాస్త్రవేత్త. ముచ్చటపడటం వేరు, సాక్ష్యం వేరు. రాళ్లు చెప్పే వరసలో తాబేలు కంటే ముందు కప్పల పూర్వీకులు ఉన్నాయి, ఆ తర్వాత ఎన్నో రకాలు వచ్చి పోయాయి. పరిణామాన్ని తప్పని నిరూపించేది ఏమిటని అడిగితే, క్యాంబ్రియన్ అనే అతి పాత కాలానికి ముందటి రాతిలో కుందేలు దొరికితే చాలు అని హాల్డేన్ అన్నట్లు చెబుతారు. ఇంతవరకు ఆ కుందేలు దొరకలేదు. మన అవతారాల కథ భక్తితో నిలబడుతుంది, దానికి రాళ్ల సాయం అక్కర్లేదు.

పులస_ప్రియ
దేవరపల్లి టిప్పర్ గారూ, కంకరలో కుందేలు వస్తే మాత్రం వెంటనే ఫోన్ చేయండి.

దేవరపల్లి_టిప్పర్
కుందేలు వస్తే క్వారీ మూసేస్తారు, మా పొట్ట కొట్టకండి.

రాళ్ల_పిచ్చి
భక్తుడు గారూ, మీ ఇంట్లో సాలగ్రామం ఉందా?

ర్యాలి_భక్తుడు
ఉంది. మా ముత్తాతగారి నుంచి వస్తోంది. రోజూ అభిషేకం చేస్తాం. ఎందుకు?

రాళ్ల_పిచ్చి
నేపాల్ గండకీ నదిలో దొరికే సాలగ్రామాల్లో చక్రం ఉన్నవి చాలావరకు అమ్మొనైట్ల శిలాజాలు. అది సముద్రంలో ఈదే జీవి, చుట్టలు తిరిగిన గుల్ల, ఇప్పటి స్క్విడ్డుకు దూరపు చుట్టం. హిమాలయం పుట్టక ముందు అక్కడ సముద్రం ఉండేది. ఆ అమ్మొనైట్ల వంశం 30 కోట్ల ఏళ్లకు పైగా ఈదింది, మొదటి మహా వినాశనం తర్వాత పుట్టి, ఆ తర్వాతి మూడింటినీ దాటింది. ఐదోదానిలో, అంటే మనం మాట్లాడుకుంటున్న 6.6 కోట్ల ఏళ్ల నాటి దానిలో ఒక్కటి కూడా మిగలకుండా పోయింది. వాటిని పోలిన గుల్ల ఉన్న నాటిలస్ మాత్రం ఇప్పటికీ లోతు సముద్రాల్లో బతికే ఉంది. దాని గుడ్లు పెద్దవి, పిల్లలు లోతులో పుడతాయి. అమ్మొనైట్ పిల్లలు చాలా చిన్నవి, నీటి పైపొరలో తేలేవి, అక్కడ తిండి ఆగిపోగానే పోయాయని ఒక వివరణ.

ర్యాలి_భక్తుడు
మా అమ్మకు చదివి వినిపించాను. "అంత పాతదని మాకు ముందే తెలుసు, అందుకే పూజ చేస్తున్నాం" అంది. మీ శాస్త్రం, మా అమ్మ, ఇద్దరూ సంతోషమే.

లంక_రైతు
మూడు దాటింది, ఐదోదానిలో పోయింది అంటున్నారు. మిగతా నాలుగు ఏమిటి? అవి కూడా మన వైపు కనిపిస్తాయా?

మలికిపురం_మాష్టారు
దాదాపు 44.5 కోట్ల ఏళ్ల క్రితం ఒకటి, 37 కోట్ల ఏళ్ల దగ్గర ఒకటి, 25.2 కోట్ల ఏళ్ల క్రితం అన్నింటిలో పెద్దది, 20 కోట్ల ఏళ్ల క్రితం ఇంకొకటి, చివరిది మన లావా నాటిది. మొదటి రెండింటి జోలికి వెళ్లను, మన వైపు చూపించడానికి ఏమీ లేదు.

మూడోది మాత్రం మన గోదావరి లోయలోనే ఉంది. సింగరేణి బొగ్గు ఎక్కువగా గ్లాసోప్టెరిస్ అనే చెట్ల అడవులది. నాలుక ఆకారపు ఆకులు. ఆ చెట్లు ఒకప్పుడు దక్షిణ ఖండాలన్నింటి మీదా అడవులై ఉండేవి. 25.2 కోట్ల ఏళ్ల క్రితం ఆ అడవులు పోయాయి. సముద్రంలో జాతుల్లో పదింట తొమ్మిది పోయాయని అంచనా. అప్పుడు సైబీరియాలో ఇలాంటి లావాయే పొంగింది (రాజు గారు సంతోషిస్తారు). మన లోయలో కుందారం దగ్గర ఆ వినాశనానికి ముందు బతికిన జంతువుల ఎముకలు, యెర్రపల్లి, మలేరి పొరల్లో తర్వాత వచ్చినవాటి ఎముకలు దొరికాయి. ఇంకొంచెం పై పొరల్లో కోటసారస్, పాత ఆదిలాబాద్ జిల్లా యామనపల్లిది, అస్థిపంజరం హైదరాబాద్ బిర్లా సైన్స్ సెంటర్‌లో నిలబెట్టారు. బారపాసారస్ కూడా ప్రాణహిత వైపుదే, కోల్‌కతా భారతీయ గణాంక సంస్థలో ఉంది. నది వెంట పైకి పోతే బొగ్గు, ఎముకలు, కిందికి వస్తే లావా, గవ్వలు. పిల్లలను తీసుకుని వెళ్లదగ్గ పాఠం ఇది.

పాఠం అంటే గుర్తొచ్చింది. 2023లో ఎన్‌సీఈఆర్‌టీ పదో తరగతి సైన్సులో పరిణామం భాగాన్ని తీసేసింది. ఇప్పుడు మన పదో తరగతికీ ఆ పుస్తకమే. పన్నెండులో ఉంది కదా అంటారు. పన్నెండులో జీవశాస్త్రం తీసుకోనివాడికి ఎక్కడ ఉంది? మా బడిలో నేను అడక్కుండానే చెబుతున్నాను, పరీక్షలో రాదని పిల్లలు పెన్ను మూసేసి వింటారు. అదీ ఒక అదృష్టమే.

కడియం_మొక్క
పెన్ను మూసి వింటే బుర్రలో ఉంటుంది మాష్టారూ, మేము రాసుకున్నవన్నీ మరిచిపోయాం.

సందేహాల_సుబ్బారావు
ఎముకలు దొరికాయి, పోయాయి, ఒప్పుకున్నాను. ఒకటి ఇంకోటిగా మారిందని ఎక్కడ ఉంది? మధ్యరకం చూపించండి. ఎప్పుడూ ముందుది, తర్వాతది చూపిస్తారు, నడుమ ఖాళీ.

రాళ్ల_పిచ్చి
తిమింగలం చాలా? నీళ్లలో ఈదే పాలిచ్చే జంతువు నేల మీది జంతువు నుంచి ఎలా వచ్చిందనేది నిన్నమొన్నటి దాకా పెద్ద ఖాళీయే. ఎ. రంగారావు అనే భారతీయ జియాలజిస్టు జమ్ము కాశ్మీర్‌లోని కాలాకోట్ దగ్గర శిలాజాలు సేకరించి, 1971లో ఇండోహ్యూస్ అనే చిన్న గిట్టల జంతువుకు పేరు పెట్టారు. ఆయన సేకరించిన రాళ్లు ఎన్నో విప్పకుండానే ఉండిపోయాయి. ఆయన పోయిన తర్వాత అవి థెవిస్సన్ అనే పరిశోధకుడి దగ్గరకు చేరాయి. అక్కడ ఒక పుర్రె చెవి భాగం విరిగినప్పుడు, తిమింగలాలకు మాత్రమే ఉంటుందనుకున్న మందపాటి ఎముక కనిపించింది. 2007లో ప్రచురించారు. కాళ్ల ఎముకలు కూడా దళసరి, నీళ్లలో నడిచే జంతువులకు ఉండేవి. ఆ తర్వాతి మెట్లు మన కచ్‌లో ఉన్నాయి, పొట్టి కాళ్లు, పొడవు మూతి ఉన్న కచ్ఛిసీటస్ వంటివి. గిట్టల నుంచి ఈత రెక్కల దాకా వరసలో ఎన్నో మెట్లు మన ఉపఖండపు రాళ్లలోనే ఉన్నాయి.

సందేహాల_సుబ్బారావు
చెవి ఎముక ఒక్కటి చూసి తిమింగలం అంటే, రేపు నా చెవి చూసి ఏమంటారో.

పూతరేకు
మీ చెవిని ఎవరూ శిలాజం అనరు సుబ్బారావు గారూ, నిలబెట్టి వాదిస్తున్నారు, బతికే ఉంది.

మలికిపురం_మాష్టారు
నడుమ ఖాళీలు ఎందుకు ఉంటాయో కూడా చెప్పాలి. 1986 వరదలో మా ఊరి కరణంగారి ఇంట్లో పాత దస్త్రాలు మునిగిపోయాయి. మిగిలిన కాగితాలతో ఎవరి పొలం ఎవరికి వచ్చిందో చాలావరకు చెప్పవచ్చు, ప్రతి అమ్మకం మాత్రం దొరకదు. కాగితం లేదు కాబట్టి అమ్మకం జరగలేదని ఎవరూ అనరు కదా. శిలాజం ఏర్పడటమే అరుదు. చచ్చిన వెంటనే ఒండ్రులో కూరుకుపోవాలి, రాయి కావాలి, పైకి రావాలి, ఎవరో చూడాలి.

కోరింగ_మడ
మాష్టారి మాటకు మన పక్షి ఒకటి కలుపుతాను. కలివికోడి గురించి జెర్డన్ అనే ప్రకృతి పరిశోధకుడు 1848లో లోకానికి చెప్పాడు. 1900 తర్వాత ఎవరికీ కనిపించలేదు. పోయిందని రాసేశారు. 1986లో కడప జిల్లా లంకమల వైపు మళ్లీ దొరికింది. ఎనభై ఏళ్లకు పైగా రికార్డులో లేదు, కానీ బతికే ఉంది. శిలాజాల్లో కూడా చివరి ఎముక దొరికిన చోటే చివరి జీవి చచ్చిందని అనుకోకూడదు. కొన్ని రకాలు రాళ్లలో కనిపించకుండా పోయి, కోట్ల ఏళ్ల తర్వాత మళ్లీ ప్రత్యక్షమవుతాయి. సీలకాంత్ చేప డైనోసార్లతోనే పోయిందని అనుకుంటే 1938లో దక్షిణాఫ్రికా వలలో పడింది.

పులస_ప్రియ
మన వలలో పడి ఉంటే ఈపాటికి పులుసు అయ్యేది.

కోరింగ_మడ
అంత నవ్వకండి, అదే నా భయం. అందుకే అడుగుతున్నాను, ఇప్పుడు ఆరోది నడుస్తోందంటున్నారు కదా, దాని మీద ఇక్కడ ఎవరూ మాట్లాడరేం? నా చిన్నప్పుడు ఊరి బయట పశువు కళేబరం వేస్తే రాబందులు గుంపుగా దిగేవి. ఇప్పుడు మా పిల్లలు బొమ్మల్లో తప్ప చూడలేదు. పశువులకు వాడిన డైక్లోఫెనాక్ మందు వాటి మూత్రపిండాలను చంపింది. వీపు తెల్లగా ఉండే రకం మన దేశంలో 99 శాతానికి పైగా పోయింది. 2006లో పశువుల వాడకానికి నిషేధించారు, అప్పటికే ఆలస్యం. ఇదంతా పదిహేనేళ్లలో జరిగింది. ఏ రాతి గీతలో ఇంత సన్నగా కనిపిస్తుంది?

రిగ్గు_రాజు
రాబందులు పోవడం ఘోరమే. కానీ దాన్ని ఆ ఐదింటితో కలపకండి. మహా వినాశనం అంటే జాతుల్లో ముప్పావు వంతు పోవాలి అంటారు. ఇప్పటిదాకా మనం పోగొట్టినవి ఆ లెక్కకు చాలా దూరం. మాట పెద్దది చేస్తే బరువు తగ్గుతుంది.

కోరింగ_మడ
ముప్పావు వంతు పోయాక లెక్కపెట్టేవాడు ఉంటాడా రాజు గారూ? మీ లావా కూడా మొదటి ప్రవాహం రోజునే ముప్పావు వంతు చంపలేదు. ఇప్పుడు చూడవలసింది ఎంత పోయిందని కాదు, ఎంత వేగంగా పోతోందని. ఆ వేగం మామూలు కాలాల కంటే చాలా ఎక్కువ అన్న మాటలో పెద్ద వివాదం లేదు.

లంక_రైతు
నాకు ఒక సంగతి తట్టింది. ఆ లావా, ఉల్క దాటి బతికినవి ఏమిటి? మాకు అంతర్వేది వైపు ఇసుకలో ఏటా తాబేళ్లు గుడ్లు పెడతాయి. అవి అప్పటివేనా?

కోరింగ_మడ
సముద్రపు తాబేళ్ల వంశం దాటింది, మొసళ్లు దాటాయి, కప్పలు దాటాయి. నదుల్లో ఉండేవి ఎక్కువ దాటాయని చెబుతారు, ఎందుకంటే అక్కడ తిండి గొలుసు కుళ్లిన ఆకు, చెత్త మీద కూడా నడుస్తుంది, సూర్యుడు మసకబారినా కొంతకాలం సాగుతుంది. డైనోసార్లలో ఒక కొమ్మ దాటింది, అవే పక్షులు. మన ఒడ్డుకు వచ్చే ఆలివ్ రిడ్లీ అనే రకం మాత్రం కొత్తదే, వంశం పాతది.

మీరు అడిగారు కాబట్టి చెబుతున్నాను, ఒడ్డున చచ్చి పడే తాబేళ్లు ఉల్కకు పడినవి కావు, ట్రాలర్ల వలల్లో ఊపిరాడక చచ్చినవి.

రాళ్ల_పిచ్చి
పాలిచ్చేవాటి సంగతి చెప్పలేదు. వికారాబాద్ దగ్గర నస్కల్‌లో, ఇలాంటి లావా మధ్య పొరలోనే, దక్కనోలెస్టెస్ అనే చుంచెలుకంత జంతువు పళ్లు దొరికాయి. జి.వి.ఆర్. ప్రసాద్, అశోక్ సాహ్ని 1988లో ప్రచురించారు. క్రెటేషియస్, అంటే డైనోసార్ల చివరి కాలానికి చెందిన పాలిచ్చే జంతువుల్లో మన దేశంలో దొరికిన మొదటిది. మట్టిని నానబెట్టి జల్లెడ పట్టి ఏరితే దొరికే పళ్లు, మిల్లీమీటర్ల సైజు. దాని పూర్తి పేరులో హిస్లోపీ అని ఉంటుంది, స్టీఫెన్ హిస్లాప్ పేరు మీద. ఆ హిస్లాపే 1860లో మన రాజమండ్రి గవ్వలను కూడా వర్ణించాడు. కంకర_గుట్ట గారు పారేయబోయిన రాయిని లండన్‌లో నూట అరవై ఏళ్ల క్రితమే అచ్చువేశారు.

కంకర_గుట్ట
పారేయలేదండీ, అన్నీ ఏరి గోనెసంచిలో వేశాను. మేస్త్రి నన్ను వింతగా చూస్తున్నాడు. ఆదివారం అబ్బాయితో ఆ క్వారీ చూడటానికి వెళ్లవచ్చా?

దేవరపల్లి_టిప్పర్
ఊరికే దూరిపోకండి. పేలుళ్లు ఉంటాయి, పైనుంచి రాళ్లు జారతాయి, వానకు గుంతల్లో నీరు నిండి లోతు తెలియదు. యజమానిని ముందే అడగండి. పని ఆపేసిన క్వారీ అంచు దగ్గర కూడా నిలబడవద్దు. దారి పక్కన పారేసిన ఈ బూడిదరాయి గుట్టలుంటాయి, మీకు కావలసింది అక్కడే దొరుకుతుంది.

రాళ్ల_పిచ్చి
రాయిని విడగొట్టే ముందు ఎక్కడ దొరికిందో, ఏ పొర కిందో ఒక కాగితం మీద రాసి ఫొటో తీయండి. చోటు తెలియని శిలాజం అలమారలో బొమ్మగానే మిగిలిపోతుంది. వెనిగర్ పోసి కడగకండి, గవ్వ కరిగిపోతుంది. మర తిరిగిన గవ్వలు ఉంటే దగ్గరి నుంచి ఫొటో తీసి ఇక్కడ పెట్టండి, టరిటెల్లా అనే రకం అవునో కాదో చూస్తాను.

రిగ్గు_రాజు
నేనూ వస్తాను. మాష్టారూ, మీరు రండి. లావా మీద నిలబడి గ్రహశకలం గురించి వాదించండి చూద్దాం.

మలికిపురం_మాష్టారు
వస్తాను. దారిలో ఇడ్లీ మీది.

సందేహాల_సుబ్బారావు
నాకూ ఒక సీటు ఉంచండి. కుందేలు దొరుకుతుందేమో చూడాలి.